కెంటకీ ఎవరి పక్షం? అమెరికా అంతర్యుద్ధంలో ఒక సరిహద్దు రాష్ట్రం: తరచుగా అడిగే ప్రశ్నలు

సిన్సినాటికి టికెట్ బుక్ చేసుకుని వచ్చే మనవాళ్లలో చాలామంది ఓహాయో రాష్ట్రంలో దిగామనుకుంటారు. నిజానికి ఆ ఎయిర్‌పోర్టు ఓహాయో నదికి దక్షిణాన, కెంటకీ రాష్ట్రంలోని బూన్ కౌంటీలో ఉంది. కారెక్కి వంతెన దాటితే గానీ సిన్సినాటి రాదు. ఇప్పుడు ఆ వంతెన దాటడం రెండు నిమిషాల పని. 1860లో మాత్రం ఆ నది దేశాన్ని రెండుగా చీల్చిన గీత. ఉత్తరపు ఒడ్డున బానిసత్వానికి చట్టంలో చోటు లేదు. దక్షిణపు ఒడ్డున మనిషిని పశువులతో, మంచాలతో పాటు వీలునామాలో రాసుకోవచ్చు. ఆ గీత మీదున్న రాష్ట్రం యుద్ధం వచ్చినప్పుడు ఎటు వెళ్లిందో ఒక్క మాటలో చెప్పడం కుదరదు. అందుకే ఎక్కువగా ఎదురయ్యే ప్రశ్నలు ఒక్కొక్కటిగా తీసుకుని జవాబు రాస్తున్నాను.

సరిహద్దు రాష్ట్రాలు అంటే ఏవి?

బానిసత్వం ఉండి కూడా దేశాన్ని వదిలి వెళ్లని రాష్ట్రాలు: డెలావేర్, మేరీలాండ్, కెంటకీ, మిస్సోరి. 1863లో వర్జీనియా నుంచి విడిపోయి కొత్తగా ఏర్పడిన వెస్ట్ వర్జీనియాను కూడా వీటిలో కలుపుతారు. దక్షిణాన 11 రాష్ట్రాలు విడిపోయి కాన్ఫెడరసీ అనే వేరే దేశం ప్రకటించుకున్నాయి. మిగిలిన దేశం పేరు యూనియన్. ఉత్తరం వాళ్లంతా బానిసత్వం వద్దన్నారు, దక్షిణం వాళ్లంతా కావాలన్నారు అని స్కూల్లో నేర్చుకున్న లెక్క ఈ రాష్ట్రాల దగ్గరికి వచ్చేసరికి తప్పిపోతుంది.

కెంటకీలో బానిసలు అంత ఎక్కువమంది ఉండేవారా?

1860 జనాభా లెక్కల్లో కెంటకీ జనం 11,55,684. అందులో 2,25,483 మంది బానిసలు, అంటే ఐదుగురిలో ఒకరు. మిసిసిపీ, అలబామాల్లోలా వందలమంది పనిచేసే పత్తి తోటలు ఇక్కడ లేవు. పొగాకు, తాళ్లు పేనే హెంప్ పంట, గుర్రాలు, ఇంటి చాకిరీ. యజమానులు సుమారు 38 వేలమంది, ఒక్కొక్కరి దగ్గర సగటున ఆరుగురు బానిసలు.

చిన్న కమతాలు కాబట్టి ఇక్కడ బానిసలను ఇంట్లో మనుషుల్లా చూసుకునేవారన్న మాట చాలాచోట్ల వినిపిస్తుంది. ఆ మాట నేను నమ్మను. లెక్సింగ్టన్ నడిబొడ్డున చీప్‌సైడ్ అనే చౌక్‌లో బహిరంగంగా వేలం పాటలు జరిగేవి. అప్పు తీర్చాలన్నా, యజమాని చనిపోయి ఆస్తి పంచాలన్నా పిల్లలను తల్లి నుంచి విడదీసి, నది మీదుగా దక్షిణాది పత్తి రాష్ట్రాలకు అమ్మేసేవారు. 1856 జనవరిలో మార్గరెట్ గార్నర్ అనే తల్లి భర్తనూ పిల్లలనూ తీసుకుని, గడ్డకట్టిన ఓహాయో నది మీద నడిచి సిన్సినాటికి పారిపోయింది. పట్టుకునేవాళ్లు తలుపు దాకా వచ్చేసరికి, మళ్లీ బానిసగా బతకకూడదని తన చిన్న కూతురిని తన చేతులతోనే చంపుకుంది. ఆమె పారిపోయింది ఇప్పుడు ఎయిర్‌పోర్టు ఉన్న ఆ బూన్ కౌంటీ నుంచే.

లింకన్, జెఫర్సన్ డేవిస్ ఇద్దరూ కెంటకీలోనే పుట్టారా?

అవును. కాన్ఫెడరసీ అధ్యక్షుడు జెఫర్సన్ డేవిస్ 1808 జూన్ 3న, యూనియన్ అధ్యక్షుడు అబ్రహాం లింకన్ 1809 ఫిబ్రవరి 12న పుట్టారు. రెండు ఊళ్ల మధ్య దూరం వంద మైళ్ల చిల్లర. ఇద్దరూ చిన్నప్పుడే రాష్ట్రం వదిలి వెళ్లారు.

సొంత రాష్ట్రమని జనం లింకన్‌కు ఓట్లేశారనుకుంటే పొరపాటు. 1860 అధ్యక్ష ఎన్నికల్లో కెంటకీ మొత్తం మీద ఆయనకు పడినవి 1,364 ఓట్లు, నూటికి ఒకటి కూడా కాదు. గెలిచింది జాన్ బెల్. బానిసత్వం సంగతి ఎత్తకుండా దేశం కలిసి ఉంటే చాలన్న పార్టీ ఆయనది. ఆ ఓటులోనే కెంటకీ మనసు తెలిసిపోతుంది.

యుద్ధం మొదలవగానే కెంటకీ ఏం చేసింది?

1861 ఏప్రిల్ 12న ఫోర్ట్ సమ్టర్ మీద దక్షిణాది ఫిరంగులు పేలాయి. అప్పుడు ఆ కోటను కాపాడుతున్న మేజర్ రాబర్ట్ ఆండర్సన్ కూడా కెంటకీ మనిషే. మూడు రోజులకు లింకన్ 75,000 మంది సైనికులను పంపమని రాష్ట్రాలను అడిగారు. కెంటకీ గవర్నర్ బెరయా మగోఫిన్, దక్షిణాది సోదర రాష్ట్రాలను అణచే పాడు పనికి ఒక్క మనిషినీ పంపను, ఒక్క డాలరూ ఇవ్వను అని జవాబిచ్చాడు. తర్వాత కాన్ఫెడరసీ అడిగితే వాళ్లకూ కాదన్నాడు. మే 16న శాసనసభ, మే 20న గవర్నర్ తటస్థత ప్రకటించారు.

కురుక్షేత్రంలో బలరాముడు ఏ పక్షమూ చేరనని తీర్థయాత్రలకు వెళ్లిపోయాడు. కెంటకీకి అలా వెళ్లడానికి చోటు లేదు. ఉత్తరం నుంచి దక్షిణానికి పోవాలన్నా, దక్షిణం నుంచి ఉత్తరానికి రావాలన్నా సైన్యాలు దాని పొలాల మీదుగానే నడవాలి.

తటస్థత అంటే నిజంగా శాంతి కోరుకున్నారనేనా?

కొంతమంది నిజంగానే కోరుకున్నారు. ఇంట్లో ఒక కొడుకు అటు, ఒక కొడుకు ఇటు ఉన్న తండ్రికి యుద్ధం వద్దనిపించడం సహజం. రాష్ట్రాల మధ్య రాజీలు కుదిర్చి పేరు తెచ్చుకున్న హెన్రీ క్లే ఈ రాష్ట్రం నాయకుడే. రాష్ట్ర నినాదం కూడా కలిసుంటే నిలుస్తాం, విడిపోతే కూలిపోతాం అనే.

కానీ నాకు అర్థమైనంతలో అసలు లెక్క వేరే. దేశం వదిలి వెళ్తే యుద్ధం ఇంటికి వస్తుంది, ఓహాయో నది పరాయి దేశపు సరిహద్దు అవుతుంది, పారిపోయిన బానిసను పట్టి తెచ్చే చట్టం అండ పోతుంది. దేశంలోనే ఉంటే రాజ్యాంగం బానిసల మీద హక్కును కాపాడుతుంది. అంటే చాలామంది యజమానులకు యూనియనే బానిసత్వానికి పెట్టని కోట. ఈ సంగతి పట్టుకోకపోతే తర్వాత జరిగిందేదీ అర్థం కాదు. కెంటకీలో చీలిక అన్నదమ్ముల మధ్యే కాదు, ఒక్కో మనిషి లోపలే ఉంది. దేశం కావాలి, బానిసలూ కావాలి.

ఆ వేసవంతా పైకి తటస్థత, లోపల ఏర్పాట్లు. సైమన్ బక్నర్ నడిపే స్టేట్ గార్డ్ అనే రాష్ట్ర దళం దక్షిణం వైపు మొగ్గింది. దానికి పోటీగా యూనియన్ అభిమానులు హోమ్ గార్డ్ పెట్టుకున్నారు. లింకన్ విలియం నెల్సన్ అనే అధికారి చేత వేల తుపాకులు తెప్పించి పంచారు. వాటిని జనం లింకన్ తుపాకులు అన్నారు. లూయివిల్ నుంచి రైళ్లలో సరుకు దక్షిణానికి పోతూనే ఉంది. దాన్ని వెంటనే ఆపితే రాష్ట్రం చేజారుతుందని లింకన్ కొన్నాళ్లు చూసీ చూడనట్టు ఊరుకున్నారు.

తటస్థత ఎప్పుడు, ఎలా పోయింది?

ముందు ఓట్లతో తేలింది. జూన్‌లో జరిగిన కాంగ్రెస్ ఎన్నికల్లో 10 సీట్లకు 9 యూనియన్ పక్షం గెలిచింది. ఆగస్టులో శాసనసభలోనూ వాళ్లకే పెద్ద మెజారిటీ. దక్షిణం వైపు వాళ్లు చాలామంది ఓటే వేయలేదు, అదీ ఒక కారణం.

తర్వాత దక్షిణాది వాళ్లే తొందరపడ్డారు. కెంటకీలోనే మిసిసిపీ నది ఒడ్డున ఉన్న కొలంబస్ అనే ఊరి గుట్టలు చేతిలో ఉంటే నదిని కట్టడి చేయొచ్చని జనరల్ లియోనిడాస్ పోక్ సెప్టెంబరు మొదటి వారంలో సైన్యాన్ని పంపి ఆక్రమించాడు. ఆయన యుద్ధానికి ముందు చర్చి బిషప్. నదికి అడ్డంగా పెద్ద ఇనుప గొలుసు కూడా కట్టించాడు. ఆ వెంటనే, సెప్టెంబరు 6న యూనియన్ జనరల్ గ్రాంట్ కెంటకీలోనే ఉన్న పడూకాలో దిగాడు. ఇద్దరూ గీత దాటినవాళ్లే. అయినా ముందు దాటింది దక్షిణాది సైన్యం కాబట్టి శాసనసభ వాళ్లనే బయటికి పొమ్మంది. గవర్నర్ వీటో చేస్తే దాన్ని తోసిపుచ్చి మరీ తీర్మానం చేసింది.

దేవుడు నా పక్షాన ఉంటే మంచిదే, కెంటకీ మాత్రం ఉండి తీరాలి అని లింకన్ అన్నారట, నిజమా?

ఆ మాట బాగా ప్రచారంలో ఉంది గానీ, ఆయన అన్నట్టు గట్టి ఆధారం లేదు. ఆధారం ఉన్నది 1861 సెప్టెంబరు 22న మిత్రుడు ఆర్విల్ బ్రౌనింగ్‌కు రాసిన ఉత్తరం. కెంటకీ పోతే ఆట మొత్తం ఓడినట్టే, అది పోతే మిస్సోరి నిలవదు, మేరీలాండ్ కూడా నిలవకపోవచ్చు అని అందులో రాశారు.

ఆ ఉత్తరం ఎందుకు రాశారో కూడా చూడాలి. మిస్సోరిలో జనరల్ ఫ్రీమాంట్ తిరుగుబాటుదారుల బానిసలకు విడుదల ప్రకటించాడు. అది విని కెంటకీలో కొందరు యూనియన్ వలంటీర్లే తుపాకులు కింద పడేశారని లింకన్‌కు వార్త వచ్చింది. ఆయన ఫ్రీమాంట్ ప్రకటనను సవరించారు. కెంటకీ నిలిచింది, మిస్సోరిలో ఆ బానిసలు బానిసలుగానే మిగిలారు. ఆ నిర్ణయాన్ని తప్పు పట్టడానికి నాకు నోరు రాదు, సమర్థించడానికి మనసు రాదు.

కెంటకీలో రెండు ప్రభుత్వాలు ఉండేవా?

అవును. 1861 నవంబరులో దక్షిణం అభిమానులు రస్సెల్‌విల్‌లో సమావేశమై, బౌలింగ్ గ్రీన్ రాజధానిగా వేరే ప్రభుత్వం పెట్టుకున్నారు. డిసెంబరు 10న కాన్ఫెడరసీ వాళ్లను చేర్చుకుంది. 11 రాష్ట్రాలే విడిపోయినా వాళ్ల జెండా మీద 13 నక్షత్రాలు ఉండటానికి కారణం ఇదే. మిగతా రెండూ కెంటకీ, మిస్సోరి. ఆ ప్రభుత్వపు మొదటి గవర్నర్ జార్జ్ జాన్సన్ 1862 ఏప్రిల్‌లో షైలో యుద్ధంలో తగిలిన గాయాలతో చనిపోయాడు. రెండో గవర్నర్ రిచర్డ్ హాస్ అదే ఏడాది అక్టోబరు 4న రాష్ట్ర అసలు రాజధాని ఫ్రాంక్‌ఫర్ట్‌లో ప్రమాణ స్వీకారం చేస్తుండగానే యూనియన్ ఫిరంగుల మోత వినిపించింది. సాయంత్రానికల్లా ఊరు ఖాళీ చేశారు.

అన్నదమ్ములు నిజంగానే ఎదురెదురుగా నిలబడ్డారా?

నిలబడ్డారు. యుద్ధాన్ని ఆపాలని ఆఖరి నిమిషం దాకా రాజీ ప్రతిపాదనలు తెచ్చిన సెనేటర్ జాన్ క్రిటెండన్ పెద్ద కొడుకు జార్జ్ కాన్ఫెడరేట్ మేజర్ జనరల్, చిన్నవాడు థామస్ యూనియన్ మేజర్ జనరల్. ప్రెస్బిటీరియన్ బోధకుడు రాబర్ట్ బ్రెకిన్‌రిడ్జ్ స్వయంగా యూనియన్ మనిషి. నలుగురు కొడుకుల్లో ఇద్దరు అటు, ఇద్దరు ఇటు చేరారు. అన్న కొడుకు జాన్ బ్రెకిన్‌రిడ్జ్ అమెరికా ఉపాధ్యక్షుడిగా చేసి, దక్షిణాది జనరల్ అయ్యాడు.

లింకన్ ఇంట్లోనే చూడండి. భార్య మేరీ టాడ్‌ది లెక్సింగ్టన్. ఆమె సవతి తమ్ముళ్లు కాన్ఫెడరేట్ సైన్యంలో చేరారు. సామ్యూల్ షైలోలో, అలెగ్జాండర్ బేటన్ రూజ్‌లో చనిపోయారు. సవతి చెల్లెలు ఎమిలీ భర్త బెన్ హార్డిన్ హెల్మ్, అంటే లింకన్‌కు తోడల్లుడు. 1861లో లింకన్ ఆయనను పిలిచి సైన్యంలో జీతాలు పంచే అధికారి ఉద్యోగం ఇస్తానన్నారు. ఆయన కాదని దక్షిణం వైపు వెళ్లాడు. 1863 సెప్టెంబరులో చికమౌగా యుద్ధంలో ఆర్ఫన్ బ్రిగేడ్‌ను నడిపిస్తూ ప్రాణం వదిలాడు. సొంత ఊళ్లు శత్రువుల చేతిలో ఉండి ఇంటికి వెళ్లలేని కెంటకీ సైనికుల దళం అది.

భర్త పోయిన ఎమిలీ పుట్టింటికి పోదామని బయల్దేరితే, యూనియన్‌కు విధేయత ప్రమాణం చేయనిదే పోనివ్వం అన్నారు. ఆమె చేయనంది. ఆమెను తన దగ్గరికే పంపమని లింకన్ చెప్పారు. డిసెంబరులో ఆ మరదలు వైట్‌హౌస్‌లో ఉంటే, శత్రు జనరల్ భార్యకు ఇక్కడ ఆతిథ్యమా అని వచ్చినవాళ్లు ముఖం మీదే అడిగారు. మేరీ తన తమ్ముళ్ల కోసం పైకి ఏడవలేదు. వాళ్ల చావు మీద దుఃఖం చూపిస్తే ఆమెనే ద్రోహి అంటారు.

మొత్తం మీద ఎంతమంది ఎటు పోరాడారు?

యూనియన్ వైపు లక్షకు దగ్గరగా, కాన్ఫెడరసీ వైపు 25 వేల నుంచి 40 వేల మధ్య అని అంచనా. యూనియన్ లెక్కలో దాదాపు 24 వేలమంది నల్లజాతి సైనికులు. లూయిజియానా తర్వాత ఏ రాష్ట్రం నుంచీ అంతమంది లేరు. అన్నదమ్ముల కథ చెప్పేవాళ్లు ఈ 24 వేలమందిని చాలాసార్లు వదిలేస్తారు.

పెరివిల్ యుద్ధం గురించి చెప్తారా?

1862 అక్టోబరు 8. కెంటకీ గడ్డ మీద జరిగిన అతి పెద్ద యుద్ధం. ఆ ఏడు కరువు. వాగులు ఎండి గుంటల్లో మిగిలిన నీటి కోసం సైనికులు ముందురోజు రాత్రి నుంచే కొట్టుకున్నారు. రెండు వైపులా కలిపి 7,500 మందికి పైగా చనిపోవడమో, గాయపడటమో, కనపడకుండా పోవడమో జరిగింది. దక్షిణాది జనరల్ బ్రాగ్, కెంటకీ జనం వేలల్లో వచ్చి చేరతారని బళ్లలో తుపాకులు కూడా తెచ్చుకున్నాడు. ఆ తుపాకులు చాలావరకు బళ్లలోనే ఉండిపోయాయి. యుద్ధం తర్వాత ఆయన వెనక్కి వెళ్లిపోయాడు.

కెంటకీ యూనియన్‌లోనే ఉంది కదా, మరి బానిసలకు విముక్తి త్వరగా వచ్చిందా?

రాలేదు. అన్నిటికన్నా ఎక్కువగా అపార్థం చేసుకునేది ఇక్కడే. 1863 జనవరి 1 నాటి విముక్తి ప్రకటన తిరుగుబాటు చేసిన ప్రాంతాలకే వర్తించింది. విశ్వాసంగా ఉన్న రాష్ట్రాల్లో బానిసత్వం అలాగే ఉంది. అంతకుముందు 1862లో, మీరే మెల్లగా రద్దు చేయండి, యజమానులకు కేంద్రం డబ్బిస్తుంది అని లింకన్ సరిహద్దు రాష్ట్రాల సభ్యులను పిలిచి బతిమాలారు. ఎక్కువమంది కాదన్నారు.

కెంటకీలో బానిస సంకెళ్లు తెగింది ప్రధానంగా సైన్యంలో చేరడం వల్ల. 1864లో నల్లజాతి వాళ్లను చేర్చుకోవడం మొదలైంది. మొదట యజమాని ఒప్పుకోవాలన్నారు, వేసవికి ఆ షరతు పోయింది. చేరినవాడికి స్వేచ్ఛ. దీని మీద తిరగబడినవాళ్లలో ఫ్రాంక్ వుల్ఫోర్డ్ ఉన్నాడు. యూనియన్ కోసం ధైర్యంగా పోరాడిన అశ్వదళ నాయకుడు, బహిరంగ సభలో ఈ చేరికలను ఎదిరించమని జనానికి పిలుపిచ్చి ఉద్యోగం పోగొట్టుకున్నాడు.

లెక్సింగ్టన్‌కు దక్షిణాన ఉన్న క్యాంప్ నెల్సన్‌కు మనుషులు రాత్రిళ్లు నడిచి వచ్చారు. భార్యాపిల్లలను యజమాని దగ్గర వదిలితే కసి వాళ్ల మీద తీర్చుకుంటాడని వెంట తెచ్చుకున్నారు. చట్టం ప్రకారం సైనికుడికే స్వేచ్ఛ, కుటుంబానికి లేదు. 1864 నవంబరు చివర్లో గడ్డకట్టే చలిలో అక్కడి కమాండర్ స్పీడ్ ఫ్రై సుమారు 400 మంది ఆడవాళ్లను, పిల్లలను బయటికి తోలించి, వాళ్ల గుడిసెలు నాశనం చేయించాడు. వాళ్లలో 102 మంది చనిపోయారు.

జోసెఫ్ మిల్లర్ అనే సైనికుడు నవంబరు 26న ప్రమాణం చేసి ఇచ్చిన వాంగ్మూలం ఇప్పటికీ ఉంది. ఆయన కొడుక్కి అప్పటికే జబ్బు, అప్పుడే కోలుకుంటున్నాడు. ఈ చలిలో బయటికి తీస్తే చచ్చిపోతాడని కాపలావాడికి చెప్పుకున్నాడు. బండి ఎక్కకపోతే అందరినీ కాల్చేస్తానన్నాడు వాడు. రాత్రి డ్యూటీ దిగాక మిల్లర్ వాళ్లను వెతుక్కుంటూ ఆరు మైళ్లు నడిచి నికొలస్‌విల్ వెళ్లాడు. నల్లజాతి వాళ్ల ప్రార్థన మందిరం ఒకటి, ఒకటే నిప్పు, దాని చుట్టూ జనం కిక్కిరిసి ఉన్నారు. భార్యకూ పిల్లలకూ ఆ నిప్పు దగ్గరికి వెళ్లే సందు దొరకలేదు, పొద్దుటి నుంచీ ఒక్క ముద్ద తినలేదు. పిల్లవాడు బండి దిగగానే చనిపోయాడు. డ్యూటీ ఉంది కాబట్టి తండ్రి ఆ రాత్రే మళ్లీ నడిచి క్యాంపుకు వచ్చాడు. పొద్దున్నే తిరిగి నడిచి వెళ్లి, తన చేతులతో గొయ్యి తవ్వి కొడుకును పూడ్చాడు. కొన్ని వారాలకే మిగతా కుటుంబమూ పోయింది, 1865 జనవరిలో ఆయనా పోయాడు.

ఈ వాంగ్మూలాలు పేపర్లకు, వాషింగ్టన్‌కు చేరాయి. సైన్యం వెనక్కి తగ్గి ఆ కుటుంబాలకు వసతి కట్టింది. 1865 మార్చి 3న సైనికుల భార్యాపిల్లలకు స్వేచ్ఛ ఇస్తూ కాంగ్రెస్ చట్టం చేసింది.

యూనియన్ పక్షాన ఉన్నవాళ్లకే యూనియన్ మీద అంత కోపం ఎందుకు?

మొదటి కారణం పైన చెప్పిందే, నల్లజాతి సైనికులు. రెండోది సైనిక పాలన. 1864 జులైలో లింకన్ రాష్ట్రంలో మార్షల్ లా పెట్టారు. గెరిల్లాలు ఊళ్ల మీద పడి దోచేవారు, చంపేవారు. జనరల్ స్టీఫెన్ బర్‌బ్రిడ్జ్ ఒక యూనియన్ మనిషి చనిపోతే నలుగురు గెరిల్లా ఖైదీలను కాల్చాలని ఉత్తర్వు ఇచ్చాడు. అలా కాల్చినవాళ్లలో గెరిల్లాలు కానివాళ్లూ ఉన్నారు. రైతులు పందులను సైన్యం చెప్పిన ఏజెంట్లకే, మార్కెట్ కన్నా తక్కువ ధరకు అమ్మాలన్నారు. పంట చేతికొచ్చాక ధర పడితే ఎలా ఉంటుందో మన రైతులకు చెప్పక్కర్లేదు. బర్‌బ్రిడ్జ్ కూడా కెంటకీలో పుట్టినవాడే, కానీ యుద్ధం తర్వాత సొంత రాష్ట్రంలో ఉండలేకపోయాడు. 1864 అధ్యక్ష ఎన్నికల్లో లింకన్‌కు ఇక్కడ మూడో వంతు ఓట్లు కూడా రాలేదు.

యుద్ధం అయిపోయాక కెంటకీ దక్షిణాది పక్షం చేరిందంటారు, ఏమిటది?

బానిసత్వాన్ని రద్దు చేసే 13వ సవరణను 1865 ఫిబ్రవరిలో కెంటకీ శాసనసభ తిరస్కరించింది. ఏప్రిల్‌లో దక్షిణాది సేనాని లీ లొంగిపోయాడు. అయినా డిసెంబరులో ఆ సవరణ దేశమంతటా అమల్లోకి వచ్చేదాకా కెంటకీలో చట్టరీత్యా బానిసలు ఉన్నారు. శాసనసభ ఆ సవరణకు లాంఛనంగా ఆమోదం తెలిపింది 1976లో.

తర్వాత కాన్ఫెడరేట్ అధికారులు ఎన్నికల్లో గెలిచారు. సైమన్ బక్నర్ 1887లో గవర్నర్ అయ్యాడు. యూనియన్ వైపు అంతమంది పోరాడిన రాష్ట్రంలో కాన్ఫెడరేట్ స్మారకాలే ఎక్కువగా లేచాయి. డేవిస్ పుట్టిన ఫెయిర్‌వ్యూలో 1924లో 351 అడుగుల స్తంభం పూర్తిచేశారు. ఫ్రాంక్‌ఫర్ట్ శాసనసభ భవనంలో లింకన్ విగ్రహం ఉన్న హాల్లోనే డేవిస్ విగ్రహం కూడా 2020 జూన్ దాకా ఉంది. ఓడినవాళ్ల పక్షాన మనసు పోవడం వింతగా అనిపిస్తుంది. నాకైతే పక్షం మారినట్టు కనిపించదు. దేశమూ బానిసత్వమూ రెండూ కావాలనుకున్నవాళ్లకు ఒకటే దక్కింది, దక్కనిదాని మీద బెంగ రాళ్లలో చెక్కుకున్నారు.

మిగతా సరిహద్దు రాష్ట్రాల్లోనూ ఇంతేనా?

ఒక్కోటి ఒక్కో రకం. మేరీలాండ్‌లో బాల్టిమోర్ వీధుల్లో 1861 ఏప్రిల్ 19నే సైనికుల మీద దాడి జరిగింది. రాజధాని వాషింగ్టన్ పక్కనే ఉంది కాబట్టి అక్కడ సైన్యం గట్టిగా వ్యవహరించి, శాసనసభ్యులను కూడా అరెస్టు చేసింది. మిస్సోరిలో గెరిల్లా పోరు ఇంటింటికీ పాకింది. అయినా మేరీలాండ్ 1864 నవంబరులో, మిస్సోరి 1865 జనవరిలో తమంతట తామే బానిసత్వం రద్దు చేసుకున్నాయి. డెలావేర్‌లో బానిసలు రెండు వేలలోపే. అయినా చివరిదాకా వదలనిది కెంటకీతో పాటు అదే.

ఇప్పుడు అటువైపు వెళ్తే ఏం చూడొచ్చు?

హాడ్జెన్‌విల్ దగ్గర లింకన్ పుట్టిన చోటు, ఫెయిర్‌వ్యూలో డేవిస్ స్తంభం ఒకే రోజు చూడొచ్చు. పెరివిల్ యుద్ధభూమిలో పొలాలు, గుట్టలు ఇంకా అలాగే ఉన్నాయి. ఒక్కటే చూసే టైమ్ ఉంటే క్యాంప్ నెల్సన్‌కు వెళ్లండి. 2018లో జాతీయ స్మారకంగా ప్రకటించారు. పక్కనే సైనికుల శ్మశానం, వరసగా తెల్లరాళ్లు. పిల్లలను తీసుకెళ్తే ముందు మిల్లర్ వాంగ్మూలం చదివి వినిపించండి. తిరిగి లెక్సింగ్టన్ వచ్చే దారిలోనే నికొలస్‌విల్ తగులుతుంది. ఆయన ఆ రాత్రి నడిచిన ఆరు మైళ్లు అటువైపే. కారులో పది నిమిషాలు.